బొమ్మ ఎక్కడ పాడవుతుంది? - మా కోనసీమ టీవీల కథ

2025 దసరాకి వారం ముందు రాజమండ్రి నుంచి మా బావ ఫోన్ చేశాడు. ఇలాంటి ఫోన్లు మనలాంటి వాళ్ళకి మామూలే కదండీ. మనం రాసేది ఏ అమెరికా బ్యాంకు వాళ్ళ బిల్లింగు కోడో అయినా సరే, చుట్టాల దృష్టిలో ఫోను, టీవీ, ఇన్వర్టరు, వాషింగ్ మెషీను అన్నీ మన సబ్జెక్టే.

"బావా, పెద్ద టీవీల మీద జీఎస్టీ ఇరవై ఎనిమిది నుంచి పద్దెనిమిదికి దించారు కదా. కింద హాల్లోకి అరవై అయిదు అంగుళాలది కొందామనుకుంటున్నా. నాకు సినిమాలు, బుడ్డోడికి పీఎస్ ఫైవు. డబ్బుల సంగతి వదిలెయ్. అన్నిటికన్నా మంచిది ఏదో ఒక్క ముక్కలో చెప్పేయ్" అన్నాడు.

ఒక్క ముక్కలో చెప్పలేకపోయాను. ఎందుకంటే "అన్నిటికన్నా మంచిది" అన్న మాట వినగానే నాకు 1988లో మా పెదనాన్న కొన్న కలర్ టీవీ గుర్తొచ్చింది. ఊళ్ళో అన్నిటికన్నా ఖరీదైన టీవీ అది. నాలుగు నెలల పాటు అందులో బొమ్మ నలుపు తెలుపులోనే వచ్చింది!

ఆ కథ చెప్పాలంటే కొంచెం వెనక్కి వెళ్ళాలి.

హైదరాబాదులో దూరదర్శన్ 1977లో మొదలైంది. అంతకు ముందే, 1975లో అమెరికా వాళ్ళ ఏటీఎస్-6 ఉపగ్రహంతో ఆరు రాష్ట్రాల్లోని 2400 పల్లెల్లో టీవీ ప్రయోగం చేశారు. మన రాష్ట్రం కూడా అందులో ఉంది కానీ ఆ టీవీలు వెళ్ళింది తెలంగాణ, రాయలసీమ వైపు పల్లెలకి. గోదావరి జిల్లాల వాళ్ళకి దక్కలేదు. 1936లోనే నిడమర్తి సూరయ్య గారు దుర్గా సినీటోన్ పేరుతో స్టూడియో కట్టిన ఊరు రాజమండ్రి. అంత సినిమా పిచ్చి ఉన్న ప్రాంతం టీవీ కోసం మాత్రం ఇంకో పదేళ్ళు ఆగాల్సి వచ్చింది. 1982 ఆగస్టు 15న రంగుల ప్రసారాలు మొదలై, ఆ నవంబరులో ఢిల్లీలో ఏషియన్ గేమ్స్ జరిగినప్పుడు మా ఊళ్ళో జనం వాటి గురించి పేపర్లో చదువుకున్నారంతే.

అసలు మార్పు 1983లో ఇన్శాట్-1బి పైకెళ్ళాక వచ్చింది. 1984లో దేశమంతా ట్రాన్స్‌మిటర్లు పెట్టుకుంటూ పోయారు. ఒక దశలో రోజుకొకటి చొప్పున! ఇంత వేగంగా ఎలా కుదిరిందంటే, వాటిలో చాలా మటుకు చిన్నవి. ఉపగ్రహం నుంచి వచ్చే ఢిల్లీ కార్యక్రమాన్ని పట్టుకుని చుట్టుపక్కలకి తిరిగి వదిలే రకం. వాటి శక్తి 100 వాట్లు. ఒక్కసారి ఆలోచించండి. మా వంటింట్లో వేలాడిన పాత పసుప్పచ్చ బల్బు ఎంతో, ఒక పట్టణానికీ దాని చుట్టూ ఉన్న పల్లెలకీ కలిపి టీవీ ఇచ్చే ట్రాన్స్‌మిటరు కూడా అంతే! నేల చదునుగా ఉంటే పదిహేను నుంచి పాతిక కిలోమీటర్ల దాకా పర్వాలేదు. ఆపైన దేవుడి దయ, మీ ఏంటెనా ఎత్తు.

మా ఊరు కోనసీమలో, సముద్రానికి దగ్గర. అంటే ఆ "దేవుడి దయ" పరిధిలో ఉందన్నమాట. 1987 జనవరి 25న రామాయణం మొదలైంది. ఊళ్ళో మొత్తం మూడు టీవీలు. మూడూ నలుపు తెలుపువే. ఆదివారం పొద్దున్న తొమ్మిదిన్నరకి ఏ ఇంట్లో బొమ్మ బాగా వస్తే ఆ ఇంటి అరుగు నిండిపోయేది. అప్పట్లో ఏ కంపెనీ టీవీ అని ఎవడూ అడిగేవాడు కాదు. "మీది ఎన్ని అడుగుల పైపు?" అని అడిగేవాళ్ళు.

గోదావరి వాళ్ళ ఏంటెనాల గురించి ఎవరైనా ఒక పుస్తకం రాయాలి. వెదురు గడతో మొదలయ్యేది. అది గాలికి ఊగుతోందని ఇనప పైపు. కొబ్బరి చెట్లు అడ్డం వస్తున్నాయని ఆ పైపుకి ఇంకో పైపు వెల్డింగు. చుట్టూ నాలుగు తీగలు కట్టి, ఆ తీగలు కొబ్బరి చెట్లకే బిగించేవారు. ఒకడు పైన డాబా మీద పైపు తిప్పేవాడు, ఒకడు కిటికీ దగ్గర, ఒకడు టీవీ ముందు. "వచ్చిందా?" "లేదు... ఆఁ వచ్చింది... పోయింది... వెనక్కి, వెనక్కి తిప్పు!" ఇంత నమ్మకంగా పనిచేసిన ఫీడ్‌బ్యాక్ లూప్ నేను ఇరవై ఏళ్ళ ఉద్యోగంలో మళ్ళీ చూడలేదు.

ఇక మా పెదనాన్న సంగతి. రామాయణం అయిపోవస్తున్న రోజుల్లో, కొబ్బరి దింపు డబ్బులు రాగానే అమలాపురం వెళ్ళి ఇరవై అంగుళాల కలర్ టీవీ తెచ్చాడు. మద్రాసు కంపెనీలు సాలిడైర్, డయనోరా, మన హైదరాబాదు ఈసీఐఎల్ వాళ్ళ ఈసీ టీవీ, ఒనిడా, బీపీఎల్, వీడియోకాన్... ఇవీ అప్పుడు కొట్లో ఉండే పేర్లు. అన్నీ చూసి, అన్నిటికన్నా ఎక్కువ రేటున్నది పట్టుకొచ్చాడు. తలుపులున్న చెక్క పెట్టె, దాని మీద మా పెద్దమ్మ కుట్టిన గుడ్డ. కొబ్బరికాయ కొట్టి స్విచ్ వేశారు. బొమ్మ వచ్చింది. రంగు లేదు!

కొట్టువాడు మోసం చేశాడన్నారు. పాత టీవీకి రంగు పెట్టె తొడిగి అమ్మాడన్నారు. మా పెదనాన్న రెండు సార్లు ఆ టీవీని జీపులో వేసుకుని అమలాపురం తీసుకెళ్ళాడు. కొట్లో పెట్టగానే శుభ్రంగా రంగులు వచ్చేవి. ఇంటికి తెస్తే నలుపు తెలుపే. అప్పట్లో అదో అవమానం. పద్నాలుగు అంగుళాల టీవీ ఉన్న మాస్టారి ఇంట్లో బొమ్మకీ మా పెదనాన్న ఇంట్లో బొమ్మకీ తేడా లేదని ఊరంతా చెప్పుకున్నారు. అది కూడా అబద్ధమే. మాస్టారిది ఇంకా బాగుండేది.

నాలుగు నెలల తర్వాత అమలాపురం నుంచి ఒక కుర్ర మెకానిక్కు వచ్చి టీవీ ముట్టుకోకుండా తిన్నగా డాబా ఎక్కాడు. విషయం ఏమిటంటే, కలర్ టీవీల్లో కలర్ కిల్లర్ అని ఒక సర్క్యూట్ ఉంటుంది. పేరు భయంకరంగా ఉంది కానీ మంచిదే. సిగ్నల్ మరీ బలహీనంగా ఉంటే రంగు సమాచారం నమ్మదగ్గది కాదు, దాన్ని యథాతథంగా చూపిస్తే తెర మీద రంగు రంగుల పురుగులు పాకుతాయి. అందుకని ఆ సర్క్యూట్ రంగుని పూర్తిగా ఆపేసి నలుపు తెలుపు చూపిస్తుంది. మనం ఎర్రర్ వస్తే డీఫాల్ట్ విలువ ఇచ్చేసి ఊరుకుంటామే, అదే! మా పెదనాన్న టీవీ ఆ నాలుగు నెలలూ తన పని తను కరెక్టుగా చేసింది. తప్పు పైన ఉంది. బూస్టరుని తెచ్చి టీవీ పక్కన పెట్టారు. ఏంటెనా నుంచి కిందకి యాభై అడుగుల చదును ఫీడరు వైరు, ఉప్పుగాలికి పొరలు లేచిపోయి ఉంది. సిగ్నల్ అంతా ఆ దారిలోనే సగం చచ్చిపోయి, మిగిలిన దాన్ని రొదతో సహా బూస్టరు పెద్దది చేసేది. మెకానిక్కు బూస్టరు తీసి పైపు చివర ఏంటెనా పక్కన కట్టాడు, కోయాక్సియల్ వైరు లాగాడు. అంతే. పెద్దమ్మ చీర అంచు రంగులో అనౌన్సరు చీర కనిపించిందని మా ఇంట్లో ఇప్పటికీ చెప్పుకుంటారు.

ఈసీఈ చదివిన వాళ్ళకి ఫ్రీస్ ఫార్ములా గుర్తుండాలి. వరసగా ఉన్న దశల్లో మొదటి దశలో చేరిన రొదే చివరిదాకా పెత్తనం చేస్తుంది. నేను అది కాకినాడలో మూడో సంవత్సరం పరీక్ష కోసం బట్టీ పట్టాను. అదే విషయం నాకు పదేళ్ళ వయసులో డాబా మీద నిలబడి చూశానని ఉద్యోగంలో చేరాక గానీ తట్టలేదు!

సరే. ఇదే కాలంలో మా వైపు ఇంకో రకం టీవీలు దిగాయి. కువైట్ టీవీలు. కోనసీమ నుంచీ, నరసాపురం వైపు నుంచీ గల్ఫ్ వెళ్ళిన వాళ్ళ సంగతి మీకు తెలిసిందే. ఇళ్ళల్లో వంటపనికి వెళ్ళిన ఆడవాళ్ళు, డ్రైవర్లుగా వెళ్ళిన మగవాళ్ళు రెండేళ్ళకోసారి వచ్చేటప్పుడు సోనీ, నేషనల్ పానాసోనిక్ టీవీలు, వీసీఆర్లు తెచ్చేవారు. అవి ఇక్కడ ఏ తంటా లేకుండా పనిచేసేవి. కారణం అదృష్టం కాదు. కువైట్, దుబాయ్, మస్కట్ అన్నీ మనలాగే పాల్ పద్ధతి. 625 గీతలు, 50 హెర్ట్జులు. కరెంటు కూడా మన లాంటిదే. అదే సౌదీలో అయితే సీకామ్. అక్కడి మామూలు టీవీ తెస్తే బొమ్మ రావచ్చు కానీ రంగు రాదు. ఇక అమెరికాది ఎన్‌టీఎస్‌సీ, 525 గీతలు, 60 హెర్ట్జులు, పైగా 110 వోల్టులు. 1999లో అమెరికా వెళ్ళిన మా బ్యాచ్‌లో ఒకడు అక్కడి వీసీఆర్ తెచ్చి తిన్నగా ప్లగ్గులో పెట్టాడు. ఆ పొగ సంగతి ఇక్కడ వద్దులెండి.

1990 ఆగస్టులో ఇరాక్ కువైట్ మీద పడ్డప్పుడు ఇదే జనం కట్టుబట్టలతో తిరిగొచ్చారు. లక్షన్నరకి పైగా భారతీయుల్ని విమానాల్లో తీసుకొచ్చారని చదువుతాం. మా వీధికి అలా వచ్చిన ఆవిడ, రెండేళ్ళ క్రితం తను తెచ్చిన టీవీలోనే ఆ యుద్ధం వార్తలు చూసింది.

టీవీల చరిత్రలో మాకు ఒక అడ్డగీత ఉంది. 1996 నవంబరు 6 రాత్రి. తుఫాను. వెయ్యి మందికి పైగా పోయారు, కొబ్బరి తోటలు నేలమట్టం, వారాల తరబడి కరెంటు లేదు. టీవీ గురించి మాట్లాడుకునే రోజులు కావవి. కానీ ఒకటి చెప్పాలి. ఊళ్ళో ఒక్క ఏంటెనా నిలబడలేదు. కరెంటు తిరిగొచ్చాక చాలా ఇళ్ళల్లో ఆ పైపులు మళ్ళీ నిలబెట్టలేదు. పడిన పైపులు పశువుల పాకలకీ, పాదులకీ పందిరి అయ్యాయి. ఈలోగా 1995లో జెమినీ, ఈటీవీ వచ్చేశాయి. వాటిని ఏంటెనాతో పట్టలేం. అలా తుఫాను వెనకాలే మా ఊరికి కేబుల్ వచ్చింది.

కేబుల్ వస్తే బొమ్మ బాగుపడాలి కదా? పడింది, లైను మొదట్లో ఉన్న వాళ్ళకి. వైరు మీద కొంత దూరానికి ఒక ఆంప్లిఫయరు, దాని తర్వాత ఇంకోటి, ప్రతి ఒక్కటీ తన వంతు రొద కలుపుతుంది. మా ఇల్లు లైను చివర. ఆపరేటరు ఇంటి ఎదురుగా ఉన్న కిరాణా కొట్టులో పద్నాలుగు అంగుళాల టీవీ అద్దంలా ఉండేది. మా ఇంట్లో కొత్తగా కొన్న ఇరవై ఒకటి అంగుళాల ఫ్లాట్ టీవీలో ప్రతి హీరోకీ వెనకాల వాడి నీడ ఒకటి నిలబడి ఉండేది. నాన్న ఆపరేటరుతో గొడవ పెట్టుకున్నాడు. ఆయన సమాధానం: "మీ టీవీ ప్రోబ్లమండీ, పెద్దది తీసుకోండి"! ఆ సలహా ముప్పై ఏళ్ళ నుంచీ చలామణీలో ఉంది.

ఇంకో తమాషా. మన సినిమా 1974లో అల్లూరి సీతారామరాజుతో సినిమాస్కోప్‌కి వెళ్ళింది. వెడల్పు ఎత్తుకి దాదాపు 2.35 రెట్లు. పాత టీవీ నాలుగుకి మూడు. లెక్క వేసి చూశాను. ఇరవై ఒకటి అంగుళాల టీవీలో స్కోప్ సినిమా పూర్తిగా చూపిస్తే బొమ్మ ఎత్తు ఏడు అంగుళాలు. పోస్టు కవరంత! అందుకని ఛానళ్ళు రెండు పక్కలా కోసేసి మధ్యలో ముక్క చూపించేవి. ఇద్దరు మాట్లాడుకునే సీన్లో ఒకడి ముక్కు, ఇంకొకడి చెవి కనిపించేవి. మా తరం చాలా సినిమాలు అలా సగం సగమే చూసింది.

ఆటల సంగతి చెప్పకపోతే మా మేనల్లుడు ఊరుకోడు. మనకి లిటిల్ మాస్టర్, మీడియా, సమురాయ్ పేర్లతో వచ్చినవి జపాన్ నింటెండో డబ్బాలకి నకళ్ళో, మారు పేర్లో. అమలాపురం గడియార స్తంభం దగ్గర గంట లెక్కన ఆడించేవాళ్ళు. మారియో, కాంట్రా, ఇంకా తుపాకీతో బాతుల్ని కాల్చేది. ఆ తుపాకీలోంచి ఏమీ బయటికి రాదు, లోపలికే వెళ్తుంది. మీరు నొక్కగానే ఒక్క ఫ్రేము పాటు తెర నల్లగా అయి, బాతు ఉన్న చోట తెల్ల చదరం వస్తుంది. తుపాకీలో ఉన్న సెన్సరు ఆ వెలుగుని పట్టుకుంటే తగిలినట్టు. గాజు ట్యూబు టీవీలో సిగ్నల్ వచ్చిన క్షణంలోనే తెర వెలుగుతుంది కాబట్టి అది కుదిరింది. ఆ తుపాకీని ఇవాళ్టి రెండు లక్షల టీవీకి పెట్టండి, ఒక్క బాతు చావదు. ఎందుకంటే ఇప్పటి టీవీ వచ్చిన బొమ్మని ముందు దాచుకుని, నునుపు చేసి, రంగులు దిద్ది అప్పుడు చూపిస్తుంది. అన్ని అలంకారాలూ ఆన్‌లో ఉంటే కొన్ని టీవీల్లో ఈ ఆలస్యం వంద మిల్లీసెకన్లు దాటుతుంది. గేమ్ మోడ్ పెడితే పది, ఇరవైకి దిగుతుంది. సెకనుకి అరవై ఫ్రేముల ఆటలో ఒక ఫ్రేము 16.7 మిల్లీసెకన్లు. అంటే గేమ్ మోడ్ మర్చిపోయినవాడు ఆరు ఫ్రేములు వెనక ఆడుతున్నట్టు.

తర్వాత పల్చటి టీవీలు. 2008 నుంచి 2012 మధ్యలో అమెరికా, హైదరాబాదు ఉద్యోగాల వాళ్ళంతా ఊళ్ళో అమ్మానాన్నలకి నలభై, నలభై రెండు అంగుళాల ఎల్‌సీడీలు కొనిపెట్టాం (నేనూ కొన్నాను). సంక్రాంతికి వెళ్ళి చూస్తే బొమ్మ పాత డబ్బా టీవీ కన్నా అధ్వాన్నం. కేబుల్లో వచ్చేది 720×576 చుక్కలు, దాన్ని పక్కలకి సాగదీస్తే అందరి మొహాలూ పూరీల్లా ఉండేవి. 2010 కామన్వెల్త్ గేమ్స్‌కి దూరదర్శన్ హెచ్‌డీ మొదలెట్టింది కానీ మా ఊరి వైరులోకి అది రావడానికి ఏళ్ళు పట్టింది. మళ్ళీ పెదనాన్న కథే. డబ్బు తెర దగ్గర పెట్టాం, జబ్బు వైరులో ఉంది.

ఆ జబ్బు కుదిరింది మటుకు ఫైబరుతోనే. 2016 డిసెంబరులో ఏపీ ఫైబర్ కార్యక్రమం మొదలైన పల్లె మా కోనసీమలోని మోరి. నెలకి 149 రూపాయలకి పదిహేను ఎంబీపీఎస్ నెట్టు, టీవీ, ఫోను అన్నారు. నెట్‌ఫ్లిక్స్ వాళ్ళు 4కె సినిమాకి అడిగేది ఆ పదిహేనే. ఇవాళ బావ ఇంట్లో వంద ఉంది. అంటే నలభై ఏళ్ళలో మొదటిసారి మా వాళ్ళింట్లో సిగ్నల్ బావుంది, ఇక టీవీ గురించే ఆలోచించవచ్చు అనుకున్నాను. కానీ బావకి ఫోన్లో ప్రశ్నలు వేస్తూ పోతే తేలిందేమిటంటే, బొమ్మ పాడయ్యే చోటు డాబా మీద నుంచి హాల్లోకి దిగిందంతే.

మొదటి ప్రశ్న. ఎంత దూరంలో కూర్చుంటారు? పదకొండు అడుగులట. మామూలు కంటి చూపుకి అరవై అయిదు అంగుళాల టీవీలో 1080పీ చుక్కలు విడివిడిగా కనపడటం ఎనిమిదిన్నర అడుగుల దగ్గరే ఆగిపోతుంది. 4కె గొప్పతనం పూర్తిగా తెలియాలంటే నాలుగు అడుగుల దగ్గర కూర్చోవాలి. అదే పాత 720×576 బొమ్మైతే పదిహేడు అడుగులు వెనక్కి జరిగితే గానీ గరుకు పోదు. అంటే వీధి అరుగు మీద నుంచి చూడాలి! కాబట్టి 8కె కావాలా అన్న ప్రశ్న అక్కడే కొట్టేశాను. అంత దూరం నుంచి కూడా కంటికి తెలిసేది చుక్కల లెక్క కాదు, నలుపు ఎంత నల్లగా ఉంది, వెలుగు ఎంత వెలుగుతోంది అన్నదే.

నలుపు విషయంలో ఓలెడ్‌ని మించింది లేదు. ప్రతి చుక్కా తనంతట తను వెలుగుతుంది, ఆరిపోతుంది. స్కోప్ సినిమా పైనా కిందా వచ్చే పట్టీలు చీకటి గదిలో అసలు కనపడవు. ఒకప్పుడు ఆ నలుపు కోసం పయనీర్ వాళ్ళ కూరో ప్లాస్మాల్ని నెత్తిన పెట్టుకున్నాం. 2009లో పయనీర్ మానుకుంది, 2013లో పానాసోనిక్ ప్లాస్మా తయారీ ఆపేసింది. అదే ఏడాది ఎల్‌జీ పెద్ద ఓలెడ్లు అమ్మడం మొదలెట్టింది. 2022లో సోనీ, శాంసంగ్ క్వాంటమ్ డాట్ ఓలెడ్ తెచ్చాయి. ఆటలకి కూడా ఇవి బంగారం. చుక్క మారడానికి మిల్లీసెకను కూడా పట్టదు.

రెండో ప్రశ్న. హాలు ఎలా ఉంటుంది? "మండువా ఇల్లు మాదిరి కట్టించాను బావా, మధ్యలో అంతా వెలుతురే" అన్నాడు గర్వంగా. సరిపోయింది. పగలు ఆ వెలుతుర్లో ఓలెడ్ నలుపుకి విలువ లేదు. అక్కడ నెగ్గేది మినీ ఎల్ఈడీ. వెనక వందల వేల చిన్న దీపాలు గుంపులుగా వెలుగుతూ ఆరుతూ ఉండే ఎల్‌సీడీ. దాని వెలుగు ఎక్కువ.

మూడో ప్రశ్నే అసలైనది. పగలు టీవీ ఎవరు చూస్తారు? మావయ్య. ఏమిటి? వార్తలు. ఎన్ని గంటలు? ఇక్కడ బావ కాసేపు మాట్లాడలేదు. "పొద్దున్న కాఫీ నుంచి రాత్రి పడుకునేదాకా... ఆయన చూడకపోయినా మోగుతూనే ఉంటది."

తెలుగు వార్తా ఛానల్ని ఒకసారి టెస్టింగు వాడి కళ్ళతో చూడండి. మూల లోగో, కింద రెండు మూడు అంతస్తుల్లో పట్టీలు, అన్నీ ముదురు ఎరుపు, పసుపు, అన్నీ కదలకుండా అక్కడే. ఓలెడ్‌లో ఎక్కువ వెలిగిన చుక్క ఎక్కువ అరుగుతుంది. కెనడాలో టీవీలు పరీక్షించే ఆర్టింగ్స్ వాళ్ళు 2018లో ఆరు ఓలెడ్ టీవీల్ని రోజుకి ఇరవై గంటలు నడిపించారు. ఎప్పుడూ సీఎన్ఎన్ పెట్టి ఉంచిన టీవీల్లో పట్టీ మచ్చ పడింది. తర్వాత వచ్చిన ప్యానెళ్ళు మెరుగుపడ్డాయి, నిజమే. కానీ మావయ్య లాంటి టెస్టరు వాళ్ళ ల్యాబులో లేడు.

ఇంకోటుంది, ఇది ఏ రివ్యూలోనూ మన వైపు నుంచి రాయరు. ఓలెడ్ టీవీ అరుగుదలని సరిచేసుకునే పని మనం రిమోటుతో ఆపాక, స్టాండ్‌బైలో ఉన్నప్పుడు చేసుకుంటుంది. మొత్తం మీద నాలుగు గంటలు చూశాక ఒకసారి, కొన్ని నిమిషాలు. మరి మనమేం చేస్తాం? రిమోటుతో ఆపి, తిన్నగా వెళ్ళి గోడ స్విచ్ ఆపేస్తాం. ఉరిమితే ప్లగ్గు పీకేస్తాం. 1996 చూసిన వాళ్ళకి ఈ అలవాటు మానమని చెప్పే ధైర్యం నాకు లేదు. అంటే రాత్రి జరగాల్సిన మెయింటెనెన్సు జాబ్‌ని రోజూ కిల్ చేస్తున్నామన్నమాట.

బావకి చెప్పాను. హాల్లో ఒక్క టీవీ తో ముగ్గురి పనీ అవ్వదు. అరవై అయిదు ఓలెడ్ కొంటే మేడ మీద కిటికీకి కర్టెన్ ఉన్న గదిలో పెట్టు, నువ్వూ బుడ్డోడూ ఎనిమిది అడుగుల్లో కూర్చోండి. కింద మావయ్యకి నలభై మూడు అంగుళాల మామూలు ఎల్ఈడీ చాలు. పీఎస్ ఫైవుకి సెకనుకి 120 ఫ్రేముల 4కె కావాలంటే హెచ్‌డీఎంఐ 2.1 ఉండాలి, అది చాలా టీవీల్లో నాలుగు సాకెట్లలో రెండింటికే ఉంటుంది, అందులో ఒకటి హోమ్ థియేటరుకి పోతుంది, కొనేముందు వెనక్కి తిప్పి చూడు. సినిమాకి నునుపు చేసే ఆప్షన్ ఆపెయ్, లేకపోతే సెకనుకి ఇరవై నాలుగు ఫ్రేముల సినిమా డైలీ సీరియల్లా ఉంటుంది. అవసరమైతే పిక్చర్ మోడ్స్‌లో ఫిల్మ్ మేకర్ అని ఉంటే అది పెట్టుకో, పని అయిపోతుంది.

"ఇంత ఖర్చు పెట్టి మేడ మీద దాచుకోమంటావేంట్రా? వచ్చినవాళ్ళకి కనపడొద్దూ?" అన్నాడు బావ. నిజమే, ఆ కోణం నా లెక్కలో లేదు. పెదనాన్న లెక్కలో మాత్రం ఉండేది.

దీపావళికి వెళ్ళాను. నా మాట విన్నాడు, టీవీ మేడ మీదే ఉంది. బుడ్డోడు "మావయ్యా, ఒక్క మ్యాచ్" అని నన్ను పన్నెండు సార్లు ఓడించాడు, గేమ్ మోడ్ ఆన్‌లోనే ఉంది కాబట్టి వంక కూడా లేదు. రాత్రి అత్తయ్య మూగమనసులు పెట్టమంది. 1964 సినిమా, సగం మా గోదారి మీదే తీసింది. నెట్టులో దొరికిన కాపీ మసకగా, గీతలతో ఉంది. అంత పెద్ద తెర మీద ఆ గీతలు ఇంకా పెద్దవయ్యాయి. రెండు లక్షల పైచిలుకు టీవీ ఆ బొమ్మకి చేయగలిగిందేమీ లేదు. మంచి ప్రింటు నుంచి శుభ్రంగా స్కాన్ చేసి ఎవరైనా ఇస్తే తప్ప. అత్తయ్య మటుకు రెండున్నర గంటలూ కదలకుండా చూసింది. పడవ సీన్లో "ఈ రేవు ఇప్పుడు లేదు" అంది.

సినిమా అయ్యాక రిమోటు నొక్కాను. గోడ స్విచ్ మీద బావ ఒక కాగితం అంటించి ఉంచాడు, "దయచేసి ఆపవద్దు" అని. అత్తయ్య లేచి, కళ్ళజోడు తీసి చీర చెంగుతో తుడుచుకుంటూ వెళ్ళి, ఆ కాగితం అంచు కొంచెం పైకెత్తి స్విచ్ ఆపేసి కిందకి వెళ్ళిపోయింది.